చిలకకు నిమ్మఉప్పు వద్దు

పెద్దదోర్నాల

చి.సౌ. మేనకోడలికి,

నువ్వు పంపిన వీడియో చూశాను. బుడ్డోడి తొలి భోగిపళ్లకు వచ్చినవాళ్లందరికీ బొమ్మ మిఠాయి చేసి పంచుతానంటే మీ మామయ్య కూడా మురిసిపోయాడు. కానీ ఆ వీడియోలో అమెరికావిడ చేసేది వేరు, మన పంచదార చిలక వేరు. రెండూ పంచదారే, రెండూ అచ్చులో పోసేవే. పాకాలు మాత్రం ఒకదానికొకటి ఎదురు. ఏది కావాలో ముందు తేల్చుకుని తర్వాత స్టవ్ వెలిగించు.

ఆవిడది పెన్సిల్వేనియాలో జర్మన్ వంశాలవాళ్లు క్రిస్మస్‌కు చేసుకునే మిఠాయి. ఎరుపు, పసుపు, ఆకుపచ్చ బొమ్మలు. దీపానికి ఎదురుగా పెడితే వెలుగు ఇవతలికి వస్తుంది. అలా రావాలంటే పంచదార తిరిగి పలుకు కట్టకూడదు. అందుకే అందులో కార్న్ సిరప్పో నిమ్మఉప్పో వేస్తారు. పులుపు తగిలితే పంచదార కొంత గ్లూకోజు, ఫ్రక్టోజుగా విడిపోతుంది, అవి పలుకును కట్టనివ్వవు. పాకాన్ని 150 డిగ్రీల దాకా కాచి, కదపకుండా పోసెయ్యాలి.

మనకు కావలసింది ఆ పలుకే. చిలక తెల్లగా, మసకగా, కొరికితే పొడిపొడిగా రాలాలి. తెలంగాణలో హోలీకి పిల్లల మెళ్లో వేసే చక్కెర పేర్లు, మరాఠీవాళ్లు గుడి పడ్వాకు కట్టే గాఠీలు, చివరికి ఈజిప్టులో మౌలిద్ పండగకు చేసే పంచదార పెళ్లికూతురు బొమ్మ, అన్నీ ఈ తరహావే. కాబట్టి నువ్వు కొన్న నిమ్మఉప్పు పొట్లం పులిహోరకు దాచుకో.

అచ్చుల కోసం ఆన్‌లైన్లో వెతకొద్దు. సంక్రాంతి ముందు మీ బెంగళూరు గాంధీ బజారులో చెక్క అచ్చులు దొరుకుతాయి. కన్నడంవాళ్లు ఎళ్ళు బెల్లంతో పాటు పంచే సక్కరె అచ్చులు వాటితో పోసేవే. రెండు ముక్కలూ వేలిగోరు దూరనంత దగ్గరగా కలిసేది చూసి తీసుకో. చిలక ముక్కు, హంస మెడ మరీ సన్నగా ఉన్న అచ్చు ఎంత అందంగా ఉన్నా వద్దు, తీసేటప్పుడు తలలు తెగుతాయి. మొదటిసారికి గోపురం, కలశం, పువ్వు మేలు. అచ్చుల్ని ముందురోజు రాత్రే నీళ్లలో నానేయి. పొడి చెక్క పాకంలో తడి పీల్చుకుని బొమ్మను వదలదు. నూనె రాయొద్దు, తడి చాలు. పోసే ముందు నీళ్లు విదిలించి, రెండు ముక్కలూ కలిపి రబ్బరుబ్యాండ్లు బిగించు.

అరకిలో పంచదారకు ఓ గ్లాసు లోపే నీళ్లు పొయ్యి. మన ఊళ్లో అయితే బోరు నీళ్లు వద్దంటాను, ఆ ఉప్పదనం పాకంలో తెలుస్తుంది. వెలిగొండ ప్రాజెక్టు నీళ్లు మా కుళాయికి వచ్చాక ఈ మాట మార్చుకుంటాను. పంచదార కరిగి మరిగేటప్పుడు రెండు చెంచాల పాలు పోస్తే మడ్డంతా నురగతో పాటు పైకి తేలుతుంది. దాన్ని గరిటెతో తీసేసి, పాకం గుడ్డలో వడకట్టు. ఇదంతా ఒకేసారి ముదరబెట్టొద్దు. చిన్న గిన్నెలో రెండు గరిటెలు పోసుకుని కాచు. తీగ పాకం దాటి, చన్నీళ్లలో చుక్క వేస్తే మెత్తని ఉండ అవ్వాలి. థర్మామీటరుంటే 115 దగ్గర చూసుకో.

ఇక్కడే పనంతా ఉంది. దించి, గరిటె వెనకవైపుతో పాకాన్ని గిన్నె అంచుకేసి రుద్దుతూ ఉండు. కాసేపు ఏమీ జరగదు. తర్వాత రుద్దిన చోట పాలగీత లాంటిది పుడుతుంది, గరిటె కాస్త బరువవుతుంది. ఆ తెలుపు గిన్నెలోకి పాకుతుండగానే అచ్చులో పోసెయ్యి. ముందు పోస్తే జిగురుగా మిగులుతుంది. ఫోను ఎత్తి వచ్చేలోపు గిన్నెలోనే గడ్డకడుతుంది. గడ్డకడితే కంగారు పడకు, కాసిని నీళ్లు పోసి కరిగించి మళ్లీ కాచుకో. పది నిమిషాలకు చెక్క విప్పి అడుగున తట్టు. అతుకు దగ్గర మిగిలిన రెక్కలాంటి అంచును చాకుతో గీకెయ్యి.

రంగు సంగతి. తిరనాళ్లలో బెండ్లు, బత్తాసుల పక్కన కుప్పపోసే గులాబీ చిలకలు చూసి అంత రంగు రావాలనుకోకు. 2024 ఫిబ్రవరిలో తమిళనాడు పీచుమిఠాయిని నిషేధించింది ఎందుకనుకున్నావు? అందులో రోడమిన్-బి అనే అద్దకపు రంగు దొరికి. తిండికి అనుమతించిన కృత్రిమ రంగైనా మిఠాయిలో కిలోకు 100 మిల్లీగ్రాములు మించకూడదని మన దేశంలో నియమం. అంటే నీ అరకిలోకు 50 మిల్లీగ్రాములు, చిటికెలో కాస్తంత. బీట్‌రూట్ రసం మంచిదేగా అంటావు. దాని తడితో పాకం పలచనవుతుంది, రంగూ నిలవదు. నన్నడిగితే సగం తెల్లగానే ఉంచు.

పాకం చేతిమీద పడితే నీళ్లలా జారిపోదు, అంటుకుని కాలుస్తుంది. పక్కన చన్నీళ్ల గిన్నె పెట్టుకో, బుడ్డోణ్ణి ఆ పూట వంటింటి గడప తొక్కనివ్వకు. భోగిపళ్ల రేగుపండ్లలోనూ చిలక ముక్కలు కలపొద్దు, పసివాడి గొంతులో అడ్డుపడతాయి. వాడి పేరున పెద్దవాళ్లు తింటారులే.

ఆరినవి డబ్బాలో కాగితం పరిచి పెట్టు. ఫ్రిజ్‌లో పెడితే చెమ్మ పడుతుంది. ఇక్కడికొచ్చేటప్పుడు ఓ డజను మాకూ తీసుకురా. ఆత్మకూరు మీదుగా వస్తే దోర్నాల దాకా మలుపులు ఎక్కువ, డబ్బా డిక్కీలో కాకుండా ఒళ్లో పెట్టుకో.

మీ అత్త