ఇంట్లో ఒంటరిగా ఉన్నప్పుడు కలిగే భయం

కర్నూలు పడమటి పల్లెల నుండి అనేకులు పత్తి, మిరప కోతలకు గుంటూరు వైపు వలస వెళ్తారు. కడప, రాయచోటి వైపు నుండి కువైట్ వెళ్లినవారు ఎందరో. ఇంట్లో మిగిలేది ముసలి అవ్వ, లేదా బిడ్డలతో తల్లి. రాత్రి ఎవరో ఇంట్లోకి వచ్చినట్లు వీరికి భయం కలిగితే, చెప్పుకోవడానికి సిగ్గుపడతారు. సిగ్గుపడనక్కరలేదు.

ఎందుకు కలుగుతుంది?

పగటి ఎండకు సాగిన ఇంటి రేకులు రాత్రి చల్లబడుతూ టప్ మంటాయి. ఉలిక్కిపడిన శరీరంలో అడ్రినలిన్ పెరిగి గుండెదడ, చెమట వస్తాయి, నోరు ఎండుతుంది. కొందరికి మెలకువ వచ్చినా కాళ్లుచేతులు కదలవు. ఎవరో గుండెల మీద కూర్చున్నట్లుంటుంది. ఇది దెయ్యం కాదు. కలలు వచ్చే నిద్రలో కండరాలు సడలి ఉంటాయి. అవి కదలకముందే మెదడు మేల్కొంటే ఇలా జరుగుతుంది. కొద్ది నిమిషాల్లో పోతుంది.

వదంతులు కూడా భయాన్ని పెంచుతాయి. 2018 మే నెలలో దొంగల ముఠాలు తిరుగుతున్నాయని వాట్సాప్‌లో ప్రచారం జరిగి, తెలుగు రాష్ట్రాల్లో అమాయకులు దెబ్బలు తిన్నారు, కొందరు చనిపోయారు. కర్నూలు పక్కనున్న జోగులాంబ గద్వాల జిల్లాలో అప్పటి ఎస్పీ రెమా రాజేశ్వరి పోలీసులను ఊరూరా పంపి నిజం చెప్పించారు. అక్కడ ప్రాణనష్టం జరగలేదు.

ఏమి చేయాలి?

1. పడుకొనే ముందు గడియ ఒక్కసారి చూడండి. మాటిమాటికి లేచి చూస్తే భయం పెరుగుతుంది.
2. నిజంగా ఎవరైనా ఉన్నారని తెలిస్తే ఎదురు వెళ్లకండి. ఇరుగుపొరుగును పిలవండి, 112కు ఫోన్ చేయండి.
3. దడగా ఉంటే కూర్చుని నిదానంగా ఊపిరి వదలండి.
4. షుగర్ మందులు వాడేవారికి చెమట, వణుకు వస్తే అది షుగర్ పడిపోవడం కావచ్చు. వెంటనే చక్కెర తీసుకోండి. ఛాతీనొప్పి ఉంటే భయమేలే అనుకోక ఆసుపత్రికి రండి.
5. రెండు వారాలు నిద్ర లేకున్నా, లేని మనుషులు కనిపించినా, మాటలు వినిపించినా డాక్టరుకు చెప్పండి. వృద్ధులలో జ్వరం, ఇన్ఫెక్షన్ వల్ల కూడా ఇలా అవుతుంది. టెలి మానస్ 14416కు ఉచితంగా ఫోన్ చేయవచ్చు.

భయపడితే విశ్వాసం లేనట్లు కాదు. యోహాను సువార్త 20వ అధ్యాయంలో శిష్యులు భయంతో తలుపులు మూసుకొని ఉన్నారు. అందుకు యేసు వారిని గద్దించలేదు, మధ్యకు వచ్చి సమాధానం పలికాడు. మన సంఘంలో ఒంటరిగా ఉన్న అవ్వ ఎవరో మనకు తెలుసు. ఈ వారం ఒక సాయంత్రం వెళ్లి పలకరిద్దాం. అవసరమైతే ఒక రాత్రి తోడు పడుకుందాం.