మిరప నాటేటప్పుడు వేరు నూగు జాగ్రత్త

మఖ, పుబ్బ కార్తెలు వచ్చాయంటే పల్నాడు, గుంటూరు, ప్రకాశం, ఖమ్మం, మహబూబాబాద్ ప్రాంతాల్లో మిరప నాట్లు ముమ్మరమవుతాయి. నాటిన మూడో రోజుకే కొన్ని చేలలో మొక్క తేరుకుని తల నిలబెడుతుంది. గట్టు అవతల చేలో అదే రకం, అదే వయసు నారు వారం పది రోజులైనా వాలిపోయే కనిపిస్తుంది. నీళ్లు ఇద్దరూ పెట్టారు, మందులూ ఇద్దరూ వేశారు. తేడా చాలాసార్లు నారు పీకిన తీరులోనే ఉంటుంది.

మొక్కను పీకినప్పుడు మన చేతికి వచ్చే గోధుమ రంగు వేళ్లు నీరు తాగేది తక్కువ. మొక్కను నిలబెట్టడం, అందిన నీటిని పైకి చేరవేయడం వాటి ముఖ్యమైన పని. నేలలోని నీటిని, పోషకాలను ఎక్కువగా పట్టి ఇచ్చేది వేరు కొనకు కాస్త వెనకగా పుట్టే సన్నటి నూగు. వాటినే మూలకేశాలు అంటారు. ఒక్కో కేశం ఒక్కటే కణం. వేరు పైపొరలోని కణం ఒక పక్కకు సాగి మట్టి రేణువుల సందుల్లోకి దూరుతుంది. దాని మందం మిల్లీమీటరులో సుమారు నూరో వంతు, పొడవు మిల్లీమీటరుకు అటూ ఇటూ. ఆయుష్షు కూడా తక్కువే, కొద్ది రోజుల నుంచి రెండు మూడు వారాలు. వేరు ముందుకు సాగే కొద్దీ కొత్తవి పుడుతుంటాయి, వెనకవి ఎండి రాలిపోతుంటాయి. అంటే వేరు పెరుగుదల ఆగిందంటే కొత్త నూగు పుట్టడమూ ఆగినట్లే.

దీన్ని కళ్లారా చూడాలంటే పళ్లెంలో తడిగుడ్డ పరిచి గుప్పెడు ఆవాలు చల్లి మూత పెట్టండి. రెండు మూడు రోజుల్లో మొలక వేరు చుట్టూ తెల్లటి నూగు దట్టంగా లేస్తుంది. చాలామంది బూజు పట్టిందనుకుని పారేస్తారు. కాసిని నీళ్లు చిలకరిస్తే ఆ నూగు వేరుకు అంటుకుపోయి కనిపించదు, బూజు అలా మాయం కాదు. పొలంలో అయితే లేత మొక్కజొన్న మొలకను పారతో మట్టిగడ్డతో సహా లేపి, మెల్లగా మట్టి రాల్చి చూడండి. వేరు కొన తెల్లగా శుభ్రంగా ఉంటుంది. దాని వెనక భాగానికి మాత్రం ఎంత విదిలించినా రాలని మట్టి పూత పూసినట్లు పట్టి ఉంటుంది. ఆ మట్టిని పట్టి ఉంచింది మూలకేశాలే. పక్కనున్న ఇంకో మొలకను కాడ పట్టుకుని లాగితే ఆ పూత చాలావరకు నేలలోనే ఉండిపోతుంది, దాంతోపాటే నూగూ తెగిపోతుంది.

1937లో అమెరికాలోని అయోవాలో హోవర్డ్ డిట్మర్ అనే వృక్షశాస్త్రవేత్త రై అనే ధాన్యపు మొక్కను ఒకే ఒక్కదాన్ని నాలుగు నెలలు పెట్టెలో పెంచి, వేళ్లు కడిగి లెక్క కట్టారు. పెట్టె వెడల్పు అడుగు, లోతు రెండడుగులకు లోపే. వేళ్ల మొత్తం పొడవు 600 కిలోమీటర్లు దాటింది. మూలకేశాలు సుమారు 1,400 కోట్లు, వాటిని వరసగా పేరిస్తే 10,000 కిలోమీటర్లకు పైమాటే. మిరప వేరు రై వేరంత విస్తారంగా అల్లుకోదు. అందుకే మిరపకు ఉన్న కాస్త నూగునూ పోగొట్టుకోకూడదు.

ఇక నారు పీకే సంగతికి వద్దాం. ముందురోజు సాయంత్రం నారుమడిని బాగా తడపండి. ఆరు వారాల నారును కాడ పట్టి లాగకుండా, చిన్న గునపంతోనో తాపీతోనో అడుగు నుంచి లేపించండి. మట్టి అంటుకుని వస్తే బరువు పెరుగుతుందని కట్టలను నేలకేసి కొట్టి విదిలించే అలవాటు కొన్ని చోట్ల ఉంది. దాన్ని తప్పకుండా మాన్పించాలి. ఆ మట్టితోనే నూగు పోతుంది, ఇక మొక్క కొత్త వేరు తొడిగి కొత్త నూగు పుట్టించుకునేదాకా దాహంతో ఉండాల్సిందే. పీకిన నారును తడి గోనెపట్టాలో చుట్టి చెట్టు నీడన ఉంచండి. గట్టు మీద ఎండలో అరగంట పడి ఉన్నా వేరు మీది నూగు ఎండిపోతుంది. వీలైనంత వరకు పొద్దువాలాక నాటించండి. నాటిన మొక్క మొదట్లో మట్టిని వేళ్లతో గట్టిగా అదమాలి. వేరుకూ మట్టికీ మధ్య గాలి సందు ఉంటే పక్కన ఎంత తడి ఉన్నా కేశానికి అందదు. వెంటనే పలుచగా ఒక తడి ఇస్తే మట్టి వేరును అంటుకుంటుంది.

ప్రోట్రేల్లో పెంచిన నారుకు ఈ బెడద చాలావరకు ఉండదు. కొబ్బరి పొట్టు ముద్దతో సహా వస్తుంది కాబట్టి నూగు చెదరదు. ఖర్చు ఎక్కువే అయినా, హైబ్రిడ్ విత్తనానికి అంత ధర పెట్టిన రైతు ట్రే నారుకు వెనకాడనక్కర్లేదని నా అభిప్రాయం. ట్రే నుంచి తీసేటప్పుడు ముద్ద విరగకుండా కింది నుంచి నెట్టి తీయాలి, అంతే.

నాటిన వెంటనే మొక్క మొదట్లో యూరియా వేయడం మరో తొందరపాటు. కేశం లోపలి రసం నేలలోని నీటి కంటే చిక్కగా ఉంటుంది. పలుచన వైపు నుంచి చిక్కన వైపుకు నీరు సాగడం ప్రకృతి ధర్మం, కాబట్టి నేలలోని నీరు కేశంలోకి వస్తుంది. ఆకుల నుంచి ఆవిరి పోయే కొద్దీ పై నుంచి లాగుడు కూడా తోడవుతుంది. వేరు పక్కనే ఎరువు కరిగితే నేల నీరు కేశంలోని రసం కంటే చిక్కనై, మొక్కే నీరు పోగొట్టుకుంటుంది. కొత్త చిగురు కనిపించాకే పైపాటు మొదలుపెట్టండి. అప్పుడు కూడా మొదలుకు దూరంగా, తడి ఉన్నప్పుడు వేయండి.

భాస్వరం విషయం వేరు. నత్రజని నీటితో పాటు కదిలి వేరు దగ్గరకు వస్తుంది. భాస్వరం మాత్రం వేసిన చోటు నుంచి దాదాపు కదలదు, సున్నం ఉన్న నల్లరేగడిలో అయితే సున్నంతో బంధం పడి మరీ బిగుసుకుంటుంది. వేరు తన చుట్టూ ఉన్న కొద్దిపాటి భాస్వరాన్ని తీసుకున్నాక అక్కడ ఖాళీ ఏర్పడుతుంది. ఆ ఖాళీ దాటి ముందున్న మట్టిలోంచి భాస్వరం తెచ్చి ఇచ్చేది మూలకేశాలే. అందువల్ల భాస్వరం ఆఖరి దుక్కిలో వేళ్లు పెరిగే లోతుకు చేరాలి. పూత సమయంలో డిఎపి బస్తాలు సాళ్లలో చల్లితే అందులోని భాస్వరం పైమట్టిలోనే ఉండిపోతుంది. 50 కిలోల బస్తాలో 23 కిలోలు భాస్వరమే, దానికి పెట్టిన డబ్బు ఆ పంటకు దాదాపు అందనట్లే. ఏటా డిఎపి వేస్తున్న మిరప చేలలో పాత నిల్వలు పేరుకుని ఉండటం భూసార పరీక్షల్లో తరచూ కనిపిస్తుంది. పరీక్ష చేయించి, నిల్వ ఉంటే తగ్గించండి. భాస్వరాన్ని కరిగించే జీవన ఎరువును మాగిన పశువుల ఎరువుతో కలిపి వేస్తే ఆ నిల్వలో కొంత వాడకంలోకి వస్తుంది.

రబీలో శనగ, మినుము వేసేవారికి ఒక మాట. ఈ పైర్లలో రైజోబియం బ్యాక్టీరియా వేరులోకి చేరేది మూలకేశాల గుండానే. వేరుశనగలో మాత్రం పక్క వేళ్లు పుట్టే చోట పడే పగుళ్ల గుండా చేరుతుంది. ఏ పైరుకైనా విత్తనశుద్ధిలో రైజోబియంను అన్ని మందుల తర్వాత, ఆఖరున పట్టించాలి.

చివరగా వానల గురించి. పోషకాలను లోపలికి లాక్కోవడానికి మూలకేశానికి శక్తి కావాలి. ఆ శక్తి శ్వాస వల్ల వస్తుంది, శ్వాసకు నేలలో గాలి కావాలి. వరికి కాండం నుంచి వేరు దాకా గాలి తెచ్చే గొట్టాలు ఉన్నాయి కాబట్టి నీటిలో నిలిచి బతుకుతుంది. మిరపకు, పత్తికి అవి లేవు. రేగడిలో రెండు రోజులు నీరు నిలిస్తే వేరుకు ఊపిరాడక, నీటి మధ్యనే మొక్క వడలుతుంది, ఆకు పసుపు తిరుగుతుంది. ఉరకెత్తిన చేలో నేలకు యూరియా వేసి లాభం లేదు, తీసుకునే నూగు అక్కడ లేదు. ముందు నీరు బయటికి తీయండి. లీటరు నీటికి 10 గ్రాముల పొటాషియం నైట్రేట్ గానీ 20 గ్రాముల యూరియా గానీ కలిపి ఆకుల మీద పిచికారీ చేయండి, వారానికి మరోసారి చేయండి. వేరుకుళ్లు కనిపిస్తే లీటరుకు 3 గ్రాముల కాపర్ ఆక్సీక్లోరైడ్ కలిపి మొదళ్లు తడపండి. నేల పదునుకు వచ్చాక పైపైన గుంటక తోలితే గాలి ఆడి కొత్త వేరు వస్తుంది. అక్టోబరు, నవంబరుల్లో కోస్తాకు తుపాన్ల బెడద ఉంటుంది. చేలో మురుగు కాలువలు లేని రైతులు మిరప కొమ్మలు సాళ్లు కమ్మేలోపే తీయించుకోండి.