పాఠం మొదలెట్టే ముందు

చోడవరం

చిరంజీవి బాబుకి,


మొన్న ఫోనులో నువ్వడిగిన దానికి నేను వెంటనే ఏమీ చెప్పలేదు. ఫోనులో తేలే సంగతి కాదని ఊరుకున్నాను. “అయిదో తరగతిలో సగం మందికి రెండో తరగతి వాచకం కూడా చదవడం రావట్లేదు. సిలబస్ చెప్పుకుంటూ పోనా, అక్షరాల దగ్గర్నుంచి మొదలెట్టనా?” అన్నావు. మెగా డీఎస్సీలో టీచరు ఉద్యోగం వచ్చి ఇంకా కొన్ని నెలలే అయింది, అప్పుడే ఈ బెంగ నీకు పట్టుకుందంటే నాకు సంతోషమే. పిల్లల మీద చూపున్నవాడికే ఇది కనిపిస్తుంది.

రెండూ చెయ్యాలి నాయనా. ఏ పిల్లాడికి ఏది ఎంత కావాలో నేను గానీ మీ ఎంఈవో గారు గానీ ఇక్కణ్నుంచి చెప్పలేం. అది ఆ పిల్లాణ్ని పక్కన కూర్చోబెట్టుకుంటేనే తెలుస్తుంది. నా సర్వీసులో నాకు బోధపడినవాటిల్లో అన్నిటికంటే పెద్దది ఇదే: ఎవరికి ఏం వచ్చో తెలుసుకున్నాకే పాఠం. గానుగ దగ్గర బెల్లం వండే మనిషి పాకాన్ని కొంచెం నీళ్లలో వేసి చూసిగానీ పెనం దింపడు. మనం మాత్రం పాఠం చెప్పేసి, యూనిట్ అయిపోయిందని రిజిస్టర్లో రాసేస్తున్నాం.

కాబట్టి ఈ వారం రోజుకి ఐదారుగురి చొప్పున, భోజనాలయ్యాక వరండాలోకి పిలిచి చదివించు. పరీక్ష అనకు, పెన్ను పట్టుకుని ఎదురుగా కూర్చోకు. వాళ్ల వాచకం కాకుండా, ఇంతవరకూ చూడని చిన్న కథ ఏదైనా ఇవ్వు. తెలిసిన పాఠమైతే విన్న గుర్తుతో అప్పజెప్పేస్తారు. వేలు ఒక వరసలో ఉంటుంది, నోరు ఇంకో వరసలో ఉంటుంది. అనుమానం వస్తే వరస మధ్యలో ఒక మాట చూపించి, చుట్టూ కాయితంతో కప్పి, ఇదేంటమ్మా అని అడుగు. కథ రాకపోతే పేరా, పేరా రాకపోతే మాటలు, మాటలు రాకపోతే అక్షరాలు. ప్రథమ్ అనే సంస్థ వాళ్లు 2005 నుంచి అసర్ సర్వే పేరుతో దేశమంతా పల్లెల్లో పిల్లల్ని ఇలాగే చదివించి చూస్తున్నారు. ఒక్కో పిల్లకి కొద్ది నిమిషాలు చాలు.

ఎక్కడ ఆగుతున్నారో జాగ్రత్తగా చూడు. మన తెలుగులో ఆగే చోట్లు వేరు. ‘ప’కి ‘వ’ అంటారు, ‘మ’కి ‘య’ అంటారు. గుణింతం గడగడా ఒప్పజెప్పే పిల్లకి ‘కొ’ ఒక్కటీ విడిగా చూపిస్తే, క, కా, కి అని మొదటినుంచి లోపల చెప్పుకుంటూ అక్కడికి వస్తుంది. ఆ పిల్లకి పాట వచ్చింది, గుర్తు రాలేదు. దానికి మళ్లీ గుణింతం పాడించడం దండగ. విడివిడి గుర్తులు కలగలిపి చూపించాలి, ఆ గుర్తుతో మాటలు రాయించాలి. ఇక ఒత్తులు. చాలా ఒత్తులు అక్షరానికి తలకట్టు తీసేసినట్టే ఉంటాయి గనక పిల్లలు పోల్చుకుంటారు. త, న, మ, య, ర, ల ఒత్తులు మాత్రం అక్షరానికి పోలిక లేకుండా ఉంటాయి. మనం రోజూ మాట్లాడే ‘అమ్మ’, ‘అన్న’, ‘అత్త’, ‘పిల్ల’ అన్నిట్లోనూ ఇవే కదా! ఈ ఆరింటినీ ఇంటి మాటలతో ముందు పట్టిస్తే సగం వాచకం వాళ్ల చేతికి వస్తుంది.

అందరినీ చూశాక, రోజూ ఒక గంట తరగతి సంగతి పక్కన పెట్టి ఎవరి మెట్టు దగ్గర వాళ్లని కూర్చోబెట్టు. మిగతా వేళంతా అయిదో తరగతి పాఠం అందరికీ ఉండాలి. చదవడం రాని పిల్లాడికి ఆలోచన కూడా రాదనుకోవద్దు. పాఠం నువ్వు చదివి వినిపిస్తే వాడు అందరికంటే మంచి ప్రశ్న వెయ్యగలడు. అక్షరాల పేరు చెప్పి వాడికి సైన్సూ సోషలూ లేకుండా చెయ్యకు.

లెక్కల్లో ఇదే పని ఇంకో రకంగా చెయ్యాలి. 52లోంచి 37 తియ్యమంటే తరగతిలో కొందరు 25 అని రాస్తారు. ఎర్ర సిరాతో ఇంటూ కొట్టి పక్కనపెడితే అలా రాసిన పిల్లకీ నీకూ ఏమీ తెలియదు. “ఎలా చేశావో చెప్పమ్మా” అని అడిగి చూడు. రెండులోంచి ఏడు పోదు కాబట్టి ఏడులోంచి రెండు తీశానంటుంది. ఎప్పుడూ పెద్దదాన్లోంచి చిన్నది తియ్యాలని మనమే చెప్పాం కదా, దాన్ని ఆ పిల్ల శ్రద్ధగా పాటించింది. ఆ లెక్కకి పది మందికీ అదే జవాబు వచ్చిందంటే అందరూ ఒకే దారిలో తప్పారన్నమాట. అప్పుడు చీపురు పుల్లలు పదేసి కట్టలు కట్టించి, ఐదు కట్టలూ రెండు పుల్లలూ చేతికిచ్చి, ముప్పై ఏడు పుల్లలు నాకిమ్మను. ఒక కట్ట విప్పక తప్పదని వాళ్లకే తెలుస్తుంది. అరువు తెచ్చుకోవడం అన్న మాట ఆ తరవాత చెప్పు. భిన్నాల్లోనూ అంతే. మూడు కంటే నాలుగు పెద్దది గనక మూడో వంతు కంటే నాలుగో వంతు పెద్దదనేస్తారు. బెల్లం ముక్క ఒకటి ముగ్గురికీ, అంతే ముక్క ఇంకోటి నలుగురికీ పంచమంటే నోరు మెదపకుండా సర్దుకుంటారు.

మన పిల్లలకి లెక్కలు రావని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను. గోవాడ ఫ్యాక్టరీకి చెరకు తోలిన ఇళ్లల్లో పుట్టిన పిల్లలు టన్నూ, క్వింటాలూ, రేటూ అన్న మాటలు వింటూ పెరిగారు. బండి ఎంత తూగింది, టన్నుకి ఎంత, కోత కూలి ఎంత పోయింది అన్నవి ఆ ఇంటి మాటలు. నువ్వు దశాంశాలు చెప్పేటప్పుడు తూకం కాయితంతో మొదలెట్టు.

తరగతిలో ప్రశ్న వేశాక కాస్త ఆగడం నేర్చుకో. 1970ల్లో మేరీ బడ్ రో అనే అమెరికన్ పరిశోధకురాలు టీచర్ల పాఠాలు రికార్డు చేసి చూసింది. ప్రశ్న వేశాక టీచర్లు సగటున ఒక్క సెకను కూడా సరిగ్గా ఆగట్లేదు. మూడు సెకన్లు ఆగితే చాలు, పిల్లల జవాబులు పొడవయ్యాయి, ఎప్పుడూ నోరెత్తనివాళ్లు కూడా మాట్లాడారు. మూడు సెకన్లు మనకి చాలా ఎక్కువసేపు అనిపిస్తుంది, ఓర్చుకో. “అర్థమైందా?” అని మాత్రం అడగొద్దు. “అయిందండీ” అని అందరూ ఒక్క గొంతుతో అంటారు, అందులో నీకు తెలిసేదేం లేదు. పలకలు తీయించు. జవాబు రాసి అందరూ ఒక్కసారి ఎత్తి చూపించమను. ఒక్క చూపులో తరగతంతా నీకు కనబడుతుంది.

పొద్దున్న మొదటి ఐదు నిమిషాలు పుస్తకాలు మూసి, నిన్నటిది ఒకటి, పోయిన వారానిది ఒకటి, పోయిన నెలది ఒకటి అడుగు. చదివిందే మళ్లీ చదివినవాళ్ల కంటే, చూడకుండా గుర్తు చేసుకున్నవాళ్లకి వారం తరవాత ఎక్కువ గుర్తుందని 2006లో రోడిగర్, కార్పికీ అనేవాళ్లు ప్రయోగం చేసి చూపించారు. మార్కులు వెయ్యకు. మార్కులంటే పిల్లలు పక్క పలక చూస్తారు.

మాట సంగతి ఒకటి గట్టిగా చెప్పాలి. మాడుగుల దాటిన కొండ వార ఊళ్లో నీ బడి. పిల్లలు “ఏటి మేష్టారూ” అంటారు, “నాను సెప్తాను” అంటారు. ఆ మాటకి నవ్వావా, ఆ పిల్ల మళ్లీ ఏడాదిదాకా నోరు తెరవదు. చెప్పింది సరైతే ముందు ఆ జవాబుని మెచ్చుకో. పుస్తకంలో దాన్ని ఎలా రాస్తారో తరవాత బోర్డు మీద రాసి చూపించు. మనకి గిడుగు రామమూర్తి గారి కంటే వేరే ఉదాహరణ అక్కర్లేదు. పర్లాకిమిడి బడిలో చరిత్ర పాఠాలు చెప్పుకునే మేష్టారు ఆయన. చుట్టుపక్కల కొండల్లో సవరల పిల్లలకి చదువు అందాలంటే ముందు తనకి వాళ్ల భాష రావాలనుకున్నారు. సవర భాష తెలిసినవాణ్ని ఇంట్లో పెట్టుకుని నేర్చుకున్నారు, ఆ భాషలో వాచకాలు రాశారు, సొంత డబ్బుతో బళ్లు నడిపారు. 1931లో సవర భాష మీద ఆయన పుస్తకం, 1938లో నిఘంటువు అచ్చయ్యాయి. నిఘంటువు వచ్చేనాటికి ఆయనకి డెబ్బై దాటాయి. వాడుక భాష కోసం ఆయన చేసిన పోరాటం అందరికీ తెలుసు. ఆగస్టు 29న ఆయన పుట్టినరోజుకి దండలు వేస్తాం. ఆ పోరాటానికి వేరు ఓ బడి మేష్టారికి పిల్లల మీద ఉన్న ఆపేక్షలో ఉందని నా నమ్మకం.

బెత్తం ముట్టుకోవద్దు. 2009 విద్యాహక్కు చట్టం 17వ సెక్షన్ కొట్టడాన్నీ, మనసు నొప్పించడాన్నీ రెండిటినీ నిషేధించింది. తిట్టు, ఎద్దేవా కూడా దాని కిందికే వస్తాయి. చట్టం లేకపోయినా ఇదే చెప్పేదాన్ని. భయపడ్డ పిల్ల తప్పు దాచేస్తుంది, దాచేసిన తప్పుని నువ్వు దిద్దలేవు.

ఊడ్పుల రోజుల్లో, చెరకు నరికే రోజుల్లో హాజరు పడిపోతుంది. ఆ ఇంటికి సాయంత్రం నువ్వే వెళ్లు. “ఎందుకు పంపలేదు” అని అడగకు. మీ అమ్మాయి ఈ వారం ఇది చదివింది అని ఒక మంచి కబురు చెప్పి, తప్పిపోయిన పాఠం ఎప్పుడు చెబుతావో చెప్పి రా. అలా వెళ్లే మేష్టారి మాటకి ఊళ్లో బరువుంటుంది.

యాప్‌లూ, ఫోటోలూ, రికార్డులూ నీ ప్రాణం తీస్తున్నాయని నాకు తెలుసు. మా కాలంలో ఇంత లేదు, అది ఒప్పుకోవాలి. అవి తప్పవు, చెయ్యి. వాటికి తోడు నీ సొంతానికి ఒక లాంగ్ నోటుబుక్కు పెట్టుకో. పిల్లకో పేజీ. ఏ రోజు ఏది వచ్చింది, ఎక్కడ ఆగింది, రెండు ముక్కలు. ఎవరికీ చూపించక్కర్లేదు. ఆ బుక్కు నిండుతున్న కొద్దీ రేపు ఏం చెప్పాలో నీకు వేరే ఎవరూ చెప్పక్కర్లేకపోతుంది. స్కూల్ కాంప్లెక్స్ మీటింగులకి వెళ్లినప్పుడు బాగా చెప్పేవాళ్లెవరో కనుక్కుని, సెలవు పెట్టయినా సరే వాళ్ల తరగతిలో ఒక పూట వెనకాల కూర్చో. వాళ్లు ఏం చెబుతున్నారో వదిలేసి, పిల్లలు ఏం చేస్తున్నారో చూడు.

ఎండలో అంత దూరం బండి మీద వెళుతున్నావు, మజ్జిగ సీసా మర్చిపోకు. వరండాలో కూర్చోబెట్టి చదివించడం అయిపోయాక, ఎవరెవరు ఏ మెట్టు దగ్గరున్నారో రాసి పంపు. వచ్చే ఎఫ్.ఏ. పరీక్షల్లో లెక్కల పేపర్లలో తక్కువ వచ్చినవి ఒక పది, ఫోటో తీసి వాట్సాప్‌లో పెట్టు. మార్కులతో నాకు పనిలేదు. ఆ తప్పులు నేనొకసారి చూడాలి.

నీ పెద్దమ్మ