ఎం.ఎల్. అంటే ఎంత? తోలా అంటే ఎంత?

మందు సీసాపై ‘ఎం.ఎల్.’ అనీ, సిరంజిపై ‘సి.సి.’ అనీ ఉంటుంది. రెండూ వేరని కంగారుపడకండి. ఎం.ఎల్. అంటే మిల్లీలీటరు, లీటరులో వెయ్యో వంతు. సి.సి. అంటే క్యూబిక్ సెంటీమీటరు. పొడవు, వెడల్పు, ఎత్తు ఒక్కో సెంటీమీటరు ఉన్న పెట్టెలో పట్టేంత. 1964 నుంచి ఈ రెండూ కచ్చితంగా సమానం.

పాత యునానీ నుస్ఖాల్లోని తోలా, మాషా మాత్రం బరువులు. తోలా సుమారు 12 గ్రాములు. అంత నీరు 12 ఎం.ఎల్. ఉంటుంది. తేనె నీటికంటే బరువు కనుక, అదే 12 గ్రాముల తేనె 8, 9 ఎం.ఎల్. మాత్రమే. కాబట్టి తోలాల్లో రాసిన మందును తూచాలి, ఎం.ఎల్.లో రాసిన షర్బత్‌ను కొలవాలి.

టీ స్పూను అంటే 5 ఎం.ఎల్., టేబుల్ స్పూను 15 ఎం.ఎల్. చిన్నదానికి బదులు పెద్దది వాడితే పసిబిడ్డకు మోతాదు మూడింతలవుతుంది. వంటింటి చెంచాలన్నీ ఒకే కొలత ఉండవు. సీసాతో వచ్చిన గీతల మూతను బల్లపై పెట్టి, గీతను కంటికి ఎదురుగా చూసి పోయండి. చీటీ అర్థం కాకపోతే, రాసిన హకీమ్‌నో డాక్టర్‌నో అడిగాకే తాగించండి.