షట్టర్‌కు సీలు పడితే: చేయవలసినవి, చేయకూడనివి

మీర్‌పేట్‌లోనో జిల్లెలగూడలోనో ఒక చిట్టీ కంపెనీ షట్టర్‌కు పోలీసులు సీలు వేశారని వాట్సాప్‌లో కబురు రాగానే జనం గుమిగూడతారు. సగం జీవితం కూడబెట్టిన డబ్బు మరి, ఆవేశం రాకుండా ఎలా ఉంటుంది? కానీ ఆ రోజు చేసే పనుల మీదే తర్వాత కేసు చాలావరకు ఆధారపడుతుంది.

ముందుగా ఒకటి గుర్తుంచుకోండి. సీలు వేసేది లోపలి ఆధారాలు చెదరకుండా ఉండడానికి. దాంతో మీ డబ్బుకు భద్రత వచ్చినట్టు కాదు. నెవాడా ప్రాపర్టీస్ కేసులో సుప్రీంకోర్టు 2019 సెప్టెంబరు 24న ఇలా తేల్చింది: నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ) సెక్షన్ 102 కింద పోలీసులు లెడ్జర్లు, కంప్యూటర్లు, నగదు స్వాధీనం చేసుకోవచ్చు గానీ స్థలాలను, భవనాలను జప్తు చేయలేరు. 2024 జులై 1 నుంచి ఆ సెక్షన్ స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్‌ఎస్‌ఎస్) సెక్షన్ 106 వచ్చింది. ఆస్తుల జప్తుకు దారి వేరు. 1999 నాటి డిపాజిటర్ల పరిరక్షణ చట్టం కింద ప్రభుత్వం ఉత్తర్వు ఇస్తుంది, ప్రత్యేక కోర్టు దాన్ని ఖరారు చేస్తుంది. డిపాజిటర్లకు డబ్బు తిరిగి ఇవ్వని అగ్రిగోల్డ్ సంస్థ ఆస్తుల జప్తు ఈ చట్టం కిందే జరిగింది.

చేయవలసినవి

బాండు, రసీదులు, పాస్‌బుక్, ఫోన్‌పే చెల్లింపుల వివరాలు, ఏజెంటు పంపిన మెసేజ్‌లు అన్నీ ఆ రాత్రే ఫొటోలు తీసి రెండు చోట్ల దాచండి. అగ్రిగోల్డ్‌లో దాదాపు 32 లక్షల మంది ఇరుక్కున్నారు. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2019లో పదివేల లోపు, 2021లో ఇరవైవేల లోపు డిపాజిట్లు చెల్లించినప్పుడు కాగితాలు సరిచూసే ఇచ్చింది. ఒక్క రసీదు పోయినా ఇబ్బందే.

ఫిర్యాదు రాతపూర్వకంగా ఇవ్వండి. ఎవరి ఫిర్యాదు మీద ఎఫ్‌ఐఆర్ నమోదైతే వారికి కాపీ ఉచితంగా ఇవ్వాలి. పదిమంది కలిసి వెళ్లినా ఎవరి మొత్తం ఎంతో, ఏ తేదీన కట్టారో విడివిడిగా రాయండి. ఆస్తులు జప్తు చేయించమని కూడా ఆ అర్జీలోనే అడగండి. చాలామంది మరిచిపోయేది ఇదే.

సోదా జరిగేటప్పుడు మిమ్మల్ని పంచ్ సాక్షిగా నిలబడమంటే నిలబడండి, చదవకుండా మాత్రం సంతకం పెట్టకండి. తాళం మీద అతికించే చీటీపై తేదీ, సంతకాలు ఉన్నాయా? హార్డ్‌డిస్క్ సీరియల్ నంబరు, సీసీటీవీ రికార్డర్ పంచనామాలోకి ఎక్కాయా? సోదాను, స్వాధీనాన్ని వీడియో తీయాలని బీఎన్‌ఎస్‌ఎస్ 105 చెబుతోంది. స్వాధీనం చేసుకున్న వస్తువుల జాబితా కాపీని ఆ స్థలంలో ఉన్నవారు అడిగి తీసుకోవచ్చు.

చేయకూడనివి

కుర్చీలు, ఏసీలు, కంప్యూటర్లు మోసుకుపోవద్దు. "నా డబ్బులో ఇంతైనా రాబట్టుకున్నా" అనుకుంటే, రేపు మీ మీదే కేసు అవుతుంది. పైగా ఎవరు ఎంత కట్టారో చెప్పే లెక్కలు ఆ కంప్యూటర్‌లోనే ఉండొచ్చు. మోసగాడికి అంతకన్నా కావలసిందేముంది?

సీలు ఊడదీయొద్దు. లోపల పనిచేసిన ఉద్యోగులైతే ఎవరు చెప్పినా ఫైళ్లు, చాట్‌లు చెరపొద్దు. ఆధారాలను నాశనం చేయడం భారతీయ న్యాయ సంహిత (బీఎన్‌ఎస్) 238, 241 సెక్షన్ల కింద నేరం. జీతానికి పనిచేసినవాడు కూడా అలాగే నిందితుడవుతాడు.

"ఒరిజినల్ బాండు ఇవ్వండి, సెటిల్ చేయిస్తా" అనే ఏజెంటుకు జిరాక్స్ తప్ప ఏమీ ఇవ్వొద్దు. ముందు ఫీజు కడితే డబ్బు రాబడతామని ఫోన్ చేసేవాళ్లను అసలు నమ్మొద్దు, బాధితుల నంబర్లు చేతులు మారుతుంటాయి.

షాపు అద్దెకిచ్చిన యజమానికి కూడా కష్టమే. తాళం తానే తీసుకోకుండా అద్దె ఒప్పందం, కిరాయి రసీదులు, కరెంటు బిల్లులు పట్టుకుని లాయరు ద్వారా కేసు నడుస్తున్న కోర్టులో పిటిషన్ వేయాలి. రంగారెడ్డి జిల్లా కోర్టులు ఎల్బీనగర్‌లోనే ఉన్నాయి, మీర్‌పేట్ నుంచి దూరం కాదు.