చార్మినార్ తిండి టూర్‌కు గైడు కావాలా?

ప్రశ్న: రంజాన్ రోజుల్లో హైదరాబాద్ వెళుతున్నాం. పాతబస్తీలో గైడు వెంట నడుస్తూ తినే టూర్‌కు డబ్బు పెట్టొచ్చా?
– ఓ పాఠకురాలు, నర్సీపట్నం

జవాబు: తొలిసారైతే పెట్టండమ్మా. కాకపోతే ఆ రుసుములో తిండి ఖర్చు కలిసిందో లేదో ముందే తేల్చుకోండి, పేచీలన్నీ అక్కడే వస్తాయి. ఇఫ్తార్ దాటాక బయల్దేరండి. 2010లో భౌగోళిక గుర్తింపు పొందిన హలీం అప్పుడే వేడివేడిగా దొరుకుతుంది. గోధుమ, మాంసం, నెయ్యి గంటల తరబడి ఉడికించి, పెద్ద కర్రలతో మెదిపి, పైన వేయించిన ఉల్లిపాయ చల్లి ఇస్తారు. ఒక ప్లేటు ఇద్దరు పంచుకోండి, లేదంటే రెండో దుకాణానికే కడుపు నిండిపోతుంది. చార్మినార్ పక్కన ఇరానీ చాయ్‌లో ఉస్మానియా బిస్కెట్ ముంచుకోవడానికి మాత్రం గైడు అక్కర్లేదు. మీ మాడుగుల హల్వా ముందు ఖుబానీ కా మీఠా పలచగా అనిపించొచ్చు, అయినా వదలకండి. ఇంట్లో అందరూ శాకాహారులైతే ఈ టూర్ దండగే.