నంజుకొనుటకు పెరుగు పచ్చడి



బంగాళాదుంప వేపుడు ముక్కలు మీకందరికి ఇష్టమే. వాటితో పాటు చిల్లీ సాసు సీసా కూడ బల్లపైకి వచ్చును. ఆ ముక్కలను ఎట్లు తిందురని తరగతిలో అడిగినచో, "సాసులో చిచాహ్ చేసి తింటాము" అను జవాబు తరచుగా వినబడుచున్నది. చిచాహ్ అనునది మంచి మలాయ్ మాట. అయితే ఈ పనికి తెలుగులో మూడు మాటలు కలవు. ఒక పచ్చడిని చేయుచు వాటిని నేర్చుకొందము.

కావలసిన వస్తువులు

గట్టి పెరుగు – 1 కప్పు
వెల్లుల్లి – 1 రెబ్బ
ఉప్పు – పావు చెంచా
మిరియాల పొడి – పావు చెంచా
లిమావ్ కస్తూరి – 2 కాయలు
కొత్తిమీర – కొద్దిగా

చేయు విధానము

1. జల్లెడపై శుభ్రమైన పలుచని గుడ్డ పరచి, అందులో పెరుగు పోయవలెను. జల్లెడను ఒక గిన్నెపై నిలిపి, 1 గంటసేపు ఫ్రిజ్‌లో ఉంచవలెను. నీరు క్రిందికి దిగి, పెరుగు చిక్కబడును.

2. వెల్లుల్లిని, ఉప్పును కలిపి రోటిలో మెత్తగా దంచవలెను. మన ఇండ్లలో లెసుంగ్ బాతు అని పిలుచుచున్నది రోలే.

3. చిక్కని పెరుగులో వెల్లుల్లి ముద్ద, మిరియాల పొడి, కాయల రసము, తరిగిన కొత్తిమీర వేసి బాగుగా కలుపవలెను.

4. రుచి చూచి, పులుపు చాలనిచో మరికొంత రసము పిండవలెను.

కత్తితో తరుగుట, ముక్కలను నూనెలో వేయించుట పెద్దల పని. మన దేశపు వేడిలో ఈ పచ్చడిని 2 గంటలకు మించి బయట ఉంచరాదు.

ఎందుకిట్లు చేయవలెను?

నీరు తీయని పెరుగు ముక్కకు అంటుకొనక జారిపోవును; కరకరలాడు ముక్క మెత్తబడును. దిగిన నీటిని పారబోయక మజ్జిగలో కలుపుకొనవచ్చును. కోయని వెల్లుల్లికి ఘాటు తక్కువ. దంచినప్పుడు లోపల వేరువేరుగా ఉన్న పదార్థములు కలిసి ఘాటు పుట్టును. అందుచేత ఒక్క రెబ్బయే చాలును. ఇక కస్తూరి అను మాట సంస్కృతము నుండి తెలుగుకును, మలాయ్‌కును కూడ వచ్చినది.

మాటల భేదము

అద్దుకొనుట: ముక్క కొనను మాత్రము పచ్చడికి తాకించుట.
ముంచుకొనుట: ముక్కను పచ్చడి లోపలికి దింపుట.
నంజుకొనుట: తినుచున్న ఆహారమునకు తోడుగా పచ్చడినో, ఊరగాయనో కొద్దికొద్దిగా తినుట.

ఇక్కడ ఒక సంగతి గమనింపవలెను. అద్దుకొనునది ముక్కను, నంజుకొనునది పచ్చడిని. "ముక్కను పచ్చడిలో అద్దుకొన్నాను", "పచ్చడి నంజుకొని ముక్కలు తిన్నాను" అనుట సరియైన వాడుక. "ముక్కను నంజుకొన్నాను" అనినచో అర్థము తారుమారగును.

రబ్బరు తోటలకు, కొబ్బరి తోటలకు పనికి వచ్చిన మన పూర్వులలో చాలమందికి చదువు లేదు. ఇట్టి మాటలు పుస్తకముల ద్వారా గాక, వంటింటిలో నోటి నుండి నోటికి మనవరకు చేరినవి. సాసు సీసా మూత తీయుటకు ఒక్క మాట చాలును. పచ్చడి చేయుటకు వడగట్టుట, దంచుట, పిండుట, కలుపుట అను మాటలన్నియు కావలెను. పని మానినచో మాటయు మరుగున పడును. కనుక ఇంటిలో ఈ పచ్చడి చేయునప్పుడు ప్రతి పనిని తెలుగులో చెప్పుచు చేయుడు.

అభ్యాసము

1. పెరుగులోని నీటిని ఎందుకు తీయవలెను?
2. ఖాళీలను పూరింపుము:
అ) అవ్వ ఆవకాయ ______ పెరుగన్నము తిన్నది.
ఆ) తమ్ముడు రొట్టెను పాలలో పూర్తిగా ______ తిన్నాడు.
3. మీ ఇంటిలో దేనితో ఏమి నంజుకొందురో పెద్దలనడిగి, ఐదు వాక్యములు వ్రాయుము.